పాటల డబ్బాలోంచి ఆటలు తీసేసిన ఆదివారం

ఫిబ్రవరి నెల, మూడో ఆదివారం. ఉదయం టిఫిన్లు అయ్యాక. మల్కాజ్‌గిరిలో మా ఇంటి ముందుగది.

హాజరైనవారు: నేను, నా భార్య, ఆమె తమ్ముడు, అంటే నా బామ్మర్ది, ఏ.ఎస్. రావు నగర్ నుంచి ల్యాప్‌టాప్ సంచితో వచ్చాడు. మా ఎదురింటామె, నన్ను అన్నా అని, నా భార్యను వదినా అని పిలుస్తుంది. బల్ల మీద ఉన్నవి: ఒక పాత పాటల డబ్బా, దాని వైరు, నా కళ్ళద్దాలు, ఒక తెల్ల కాగితం, ఒక పెన్ను.

ఆ రోజు డైరీ ఇలాగే మొదలవుతుంది. ఇలా రాయడం నాకు లాలాగూడ రైల్వే వర్క్‌షాపులో అలవాటైంది. అక్కడ ఏదైనా పొరపాటు జరిగితే, సంబంధించిన సెక్షన్ల వాళ్ళందరూ ఆ వస్తువు చుట్టూ నిలబడి, చూసింది చూసినట్టు ఒకే కాగితం మీద రాసి, కింద సంతకాలు పెట్టేవారు. జాయింట్ నోట్ అంటారు. సంతకం పెట్టకుండా ఎవరూ కదలడానికి వీల్లేదు. కదిలినవాడు మర్నాడు మాట మారుస్తాడు. ఉద్యోగం నుంచి దిగిపోయి చాలా ఏళ్ళైనా, ఇంట్లో మిక్సీ కాలిపోయినా, నల్లా విరిగినా నేను అదే పద్ధతి పాటిస్తాను. మావాళ్ళు నవ్వుతారు. సంతకం మాత్రం పెడతారు.

"ఏం బావా, ఇప్పుడేం బోగీ పట్టాలు దిగిందని గిట్ల అందర్ని కూసోబెట్టినవ్?" అన్నాడు బామ్మర్ది.

"దిగిందా లేదా అనేదే జూద్దాం" అన్నాను.

"అన్నా, నేను పొయ్యి మీద పప్పు పెట్టొచ్చిన. జెర జల్ది కానియ్యి" అంది ఎదురింటామె.

నా భార్య కిటికీ పక్క కుర్చీలో, కుడిచేయి కొంగు కింద దాచుకుని, నావైపు కాకుండా బల్ల మీది డబ్బా వైపు చూస్తూ కూర్చుంది.

ముందు ఆ కుడిచేయి సంగతి చెప్పాలి.

పోయిన వానాకాలంలో ఒక పొద్దున ఆమె చేతిలోంచి చాయ్ గ్లాసు జారి పడింది. తుడవడానికి వంగబోయి ఆమె కూడా పడింది. పక్షవాతం. కాలు తొందరగానే తిరిగొచ్చింది. మాట వచ్చింది. చేయి మోచేతి దాకా వచ్చింది, తర్వాత మణికట్టు దాకా. వేళ్ళు రావడానికి మొరాయించాయి. అన్నిటికంటే బొటనవేలు. అది అరచేతిలోకి ముడుచుకుని పడుకుంది. మొదటి కొన్ని నెలల్లో ఎంత కదిలిస్తే అంత వస్తుందని, వదిలేస్తే అలాగే బిగుసుకుపోతుందని డాక్టరు చెప్పాడు.

ఆ వేలు తనకెందుకు కావాలో ఆమె ఒక్కసారే చెప్పింది. తమ్ముడి కూతురికి పెళ్ళి కుదిరింది. పెళ్ళికూతురి సారెలోకి సకినాలు కావాలి. మా అత్తగారింట్లో సారె సకినాలకు మొదటి చుట్టు మేనత్త చుట్టాలి, అది వాళ్ళ పద్ధతి. నానబెట్టిన బియ్యం పిండిలో నువ్వులు, వాము, ఉప్పు కలిపి, చిన్న ముద్ద తీసుకుని, బొటనవేలికీ చూపుడువేలికీ నడుమ మెలి తిప్పుతూ, పరిచిన బట్ట మీద గుండ్రంగా దించుకుంటూ పోవాలి. ఒక చుట్టు, దాని చుట్టూ ఇంకొకటి, దాని చుట్టూ మరొకటి. ఆ మెలి అంతా బొటనవేలిలో ఉంటుంది. మా ఆమె చుట్టిన సకినం అంచు ఎక్కడ మొదలైందో, ఎక్కడ ముగిసిందో వెతికినా దొరికేది కాదు.

"పిల్ల సారెకు మొదటి సుట్టు నేనే సుట్టాలె" అంది ఆసుపత్రి మంచం మీద. మళ్ళీ ఎప్పుడూ ఆ మాట ఎత్తలేదు.

నేను ఇంటికి రాగానే పట్టిక వేశాను. పొద్దున రబ్బరు బంతి పిసకడం. టిఫిన్ అయ్యాక తడి తువ్వాలు పిండడం. మధ్యాహ్నం ఒక గిన్నెలోని పెసలను ఒక్కొక్కటిగా ఇంకో గిన్నెలోకి వేయడం. సాయంత్రం నేను ఎదురుగా కుర్చీ వేసుకుని, ఏ వేలు ఎంత చాచగలిగిందో స్కేలుతో కొలిచి డైరీలో రాసేవాణ్ణి. నిన్నటికంటే ఎక్కువైతే ఎక్కువైందని, తక్కువైతే తక్కువైందని చెప్పేవాణ్ణి. దాచిపెట్టి లాభమేముంది? డాక్టరు ఆ పేజీలు చూసి మెచ్చుకున్నాడు కూడా. అయితే బొటనవేలి వరసలో మాత్రం అంకె మారేది కాదు.

దీపావళి అయ్యాక బామ్మర్ది ఈ పాటల డబ్బా తెచ్చాడు. అతను ప్రభుత్వ ఎలక్ట్రానిక్స్ ఫ్యాక్టరీలో పనిచేసి దిగిపోయినవాడు. పాత వస్తువు ఏదీ పారెయ్యడు, బ్యాటరీ మార్చి మళ్ళీ బతికిస్తాడు. డబ్బా అరచేతిలో ఇమిడేంత ఉంటుంది. పైన చిన్న తెర, కింద గుండ్రటి చక్రం. చక్రం నిజానికి తిరగదు. దాని మీద బొటనవేలిని గుండ్రంగా రాసుకుంటూ పోతే లోపల టిక్ టిక్‌మంటూ పాటల జాబితా కిందికి దిగుతుంది. వెనకవైపు స్టీలు రేకు, అద్దంలా మెరుస్తుంది. ఇలాంటివి ఇప్పుడు తయారుచేయడం లేదట.

"అక్కకు పొద్దు వోతది" అన్నాడు. నేను దాన్ని ఆమె ఎడమచేతిలో పెట్టాను. కుడిచేయి పట్టుకోలేదు కనుక.

నాకు మొదటి అనుమానం పెసల దగ్గర వచ్చింది. ఒకరోజు గిన్నె మూత తీస్తే పెసలకు పురుగు పట్టి ఉంది. రోజూ చేయి తిరిగే గింజల్లో పురుగు అంత తీరిగ్గా కాపురం పెట్టదు. "పెసలు చేసినవా?" అని అడిగాను. "చేసిన" అంది. మర్నాడు ఊడుస్తుంటే బంతి మంచం కింద, గోడ మూలన దొరికింది. దానికి బూజు పట్టి ఉంది. బంతి చేసినవా అని అడిగాను. చేసిన అంది.

గమనించడం మొదలుపెట్టాను.

పాటల డబ్బాను ఒకసారి చార్జింగ్ పెడితే మొదట్లో రెండు మూడు రోజులు వచ్చేది. ఇప్పుడు సాయంత్రానికే చచ్చిపోతోంది. ముట్టుకుంటే వెచ్చగా ఉంటోంది. చెవులకు పెట్టుకునే వైరు మాత్రం నేను చుట్టి పెట్టిన చుట్ట చుట్టినట్టే బల్ల మీద ఉంటోంది. చెవుల్లో పెట్టుకోకుండా ఈమె పాటలు ఎలా వింటోంది? ఇంకో సంగతి. నేను పెన్షనర్ల సంఘానికి వెళ్ళే రోజుల్లోనే బ్యాటరీ తొందరగా అయిపోతోంది. ఎదురింటామె మధ్యాహ్నం నమాజు చేసుకుని మా ఇంటికి వచ్చి కూర్చుంటుంది, అది కొత్త కాదు. వాళ్ళిద్దరూ నలభై రకాల మాటలు మాట్లాడుకుంటారు, అదీ కొత్త కాదు. నేను గేటు తీయగానే ఆ మాటలు ఆగిపోవడం కొత్త. ఆమె నవ్వు బిగపట్టుకుని "వస్త అన్నా" అంటూ నన్ను దాటిపోయేది. లోపల నా భార్య కుడిచేయి కొంగు కిందికి పోయేది.

ఒకరోజు చెప్పులు గేటు బయటే విడిచి లోపలికి వచ్చాను. పెద్దమనిషి చేయాల్సిన పని కాదు. అయినా చేశాను. తలుపు వెనక టిక్ టిక్ టిక్ అని వేగంగా చప్పుడు, ఆగడం, మళ్ళీ టిక్ టిక్. "ఇటు, వదినా, ఇటు, ఇటు... అర్రె, పాయె!" అని ఎదురింటామె గొంతు. నేను దగ్గాను. లోపల చప్పుడు ఆగిపోయింది.

ఆ వారంలోనే, సాయంత్రం కొలతలప్పుడు, ఆమె కుడి బొటనవేలి కొసన చిన్న పొక్కు చూశాను. చేతికి ఘాటైన నూనె వాసన.

"ఏం నూనె ఇది?"

"ఎదురింటి వదిన తెచ్చింది."

"ఎవరిచ్చిన్రు ఆమెకు? డాక్టరుకు చెప్పినవా?"

"నూనెకు సుత డాక్టరేంది?"

నాకు సంగతి మొత్తం అర్థమైనట్టనిపించింది. డాక్టరు చెప్పింది మానేసి వీళ్ళు ఏదో నాటువైద్యం షురూ చేశారు. ఆ నూనెకే వేలు పొక్కింది. పట్టిక మూలన పడేశారు. ఆమె చేతిమీద ఆశ వదిలేసుకుని పొద్దుపోయే పని వెతుక్కుంది, ఆ సంగతి ఎదురింటామెకు తెలుసు, బామ్మర్దికి తెలుసు, నాకొక్కడికే తెలియకుండా దాస్తున్నారు. ఇంతలో సకినాల రోజు సోమవారమని కబురు వచ్చింది. అంతమంది ఆడవాళ్ళ ముందు పీట మీద కూర్చుని, పిండి చేతిలోకి తీసుకుని, వేలు కదలకపోతే ఆమె ఏమవుతుందో తలుచుకుంటే నాకు అన్నం సహించలేదు.

ఆమె స్నానానికి వెళ్ళినప్పుడు కళ్ళద్దాలు పెట్టుకుని డబ్బా తెరిచాను. పాటలున్నాయి. వాటి కింద జాబితాలో ఆటలున్నాయి. ఇటుకలు పగలగొట్టే ఆట ఒకటి. రంగు పూసలు రాలే ఆట ఒకటి. మూడోది పత్తాలు, అంటే పేకాట. పత్తాలు చూడగానే బామ్మర్ది కనిపించాడు. పెళ్ళికాక ముందు క్లబ్బుల్లో పత్తాల ముందు కూర్చుంటే వాళ్ళ నాయన వెళ్ళి లేపుకొచ్చిన మనిషి అతను. ఫోన్ చేసి, ఆదివారం ల్యాప్‌టాప్ తీసుకుని రమ్మన్నాను.

ఆ విధంగా నలుగురం ముందుగదిలో కూర్చున్నాం.

నేను ఆటల జాబితా తెరిచి అందరికీ కనబడేలా డబ్బాను ఎత్తి పట్టుకున్నాను. "ఇవి ఎవరు పెట్టిన్రు?"

"నేనే" అన్నాడు బామ్మర్ది. "ఇటుకలది కంపెనీ వాళ్ళే పెట్టిన్రు. మిగిలినయి నేనెక్కించిన. ఏందీ బావా, ఆటలాడితె కేసు పెడతవా?"

"పత్తాలు సుత ఎక్కించినవ్."

"అవి నాకు. మీ ఇంటికొస్తె నాకేం తోస్తది? నువ్వు డైరీ రాస్కుంట కూసుంటవ్. నేను గోడ జూడాల్నా?"

ఎదురింటామె కొంగు నోటికి అడ్డం పెట్టుకుంది.

"ఇటుకల ఆట ఎవరాడుతున్రు?"

"నేనే అన్నా."

"నేనే బావా."

ఇద్దరూ ఒకేసారి అన్నారు. అన్న తర్వాత ఒకరి ముఖం ఒకరు చూసుకున్నారు. వర్క్‌షాపులో నేను నేర్చుకున్న విషయం ఒకటుంది. ఒకే తప్పును ఇద్దరు తమ మీద వేసుకుంటున్నారంటే మూడోవాణ్ణి దాస్తున్నారన్నమాట. నేను కిటికీ వైపు తిరిగాను.

"నువ్వా?"

"ఎడమచేత్తోని" అంది నా భార్య. "ఊకెనే. పొద్దువోక."

ఎడమచేత్తో ఆడితే ఎడమ వేలు పొక్కాలి. ఆ మాట నాకు తట్టకపోలేదు. కానీ పొక్కుకు కారణం నూనె అని నేను అప్పటికే తీర్మానించుకుని ఉన్నాను. ఒకసారి తీర్మానించిన దాన్ని మళ్ళీ తెరవడం నాకు అలవాటు లేదు.

"పెసలకు పురుగు పట్టింది" అన్నాను. "బంతికి బూజు పట్టింది. రేపు సకినాలు. దీంట్లకెళ్లి ఆటలన్ని తీసెయ్యాలె. ఇప్పుడే, నా ముందట."

"అక్కా?" అన్నాడు బామ్మర్ది, ఆమె వైపు చూసి.

"తియ్యిరా. మీ బావకు నిమ్మలమైతది."

ఆమె అంత తేలిగ్గా ఒప్పుకోవడం నాకు నచ్చలేదు. తేలిగ్గా ఒప్పుకునేవాళ్ళ దగ్గర ఇంకేదో ఉంటుంది. కుర్చీ జరుపుకుని బామ్మర్ది భుజం పక్కనే కూర్చున్నాను, తెర మీద ఏ అక్షరం నాకు తెలియకుండా పోకూడదని.

వైరు కలపగానే ల్యాప్‌టాప్ ఏదో అడిగింది. అతను నొక్కబోయాడు.

"ఆగు. సదువు. బయటికి సదువు."

"ఇది ఇంకో కంప్యూటరుకు అలవాటైన డబ్బా, దీనికి కలపాలంటే ఉన్నదంత తుడిచేస్త, తుడవాల్నా అని అడుగుతుంది. నాది కొత్త ల్యాప్‌టాప్ గదా."

"వద్దు నొక్కు."

"వద్దే నొక్కుతున్న."

"నొక్కినవా? ఏదీ?"

"బావా, మీ రైల్వేవోళ్ళు రైళ్ళెట్ల నడిపించిన్రో గానీ, స్టేషన్ల కూసున్నోళ్ళు అక్కడ్నే ముసలోళ్ళైపోయిండాలె."

"అన్నా, నా పప్పు" అంది ఎదురింటామె.

పాటలు పోకుండా, అతను ఒక్కొక్క ఆట ఎదుట ఉన్న టిక్కు గుర్తు తీసేస్తూ వచ్చాడు. ప్రతిదానికి ముందు ఒకసారి అక్క వైపు చూశాడు. పత్తాలు పోయాయి. రంగు పూసలు పోయాయి. వైరు పీకి డబ్బా తెరిచి చూస్తే, ఇటుకలు మాత్రం అలాగే ఉన్నాయి.

"ఇదెందుకు పోలే?"

"చెప్పిన గదా, అది కంపెనీది. పుట్టుకతోని వచ్చింది. తీస్తె రాదు."

"రాదా, తియ్యవా?"

అతను నావైపు ఒకసారి చూసి, డబ్బాను నా చేతికే ఇచ్చాడు. "నువ్వే తియ్యి. సెట్టింగుల్లకు పో. ముందు పేజీల ఏమేం కనవడాలె అని అడుగుతది. ఆటలు అన్న కాడ నొక్కు, దాసుకుంటది. అల్మారకు తాళమేసినట్టు. లోపలున్నది లోపల్నే ఉంటది, కంటికి కనవడది."

నేను చక్రం మీద వేలు పెట్టాను. నా బొటనవేలు దాని మీద సరిగ్గా తిరగలేదు. ఒకసారి దాటిపోయింది, ఒకసారి వెనక్కి వచ్చింది. గుండ్రంగా, ఒకే బరువుతో, ఆగకుండా తిప్పాలి. మూడు నాలుగు ప్రయత్నాల తర్వాత కుదిరింది. ఆటలు అన్న మాట ముందు పేజీలోంచి మాయమైంది. ఏ దారిన వెళ్ళానో కాగితం మీద రాసుకున్నాను.

తర్వాత జాయింట్ నోట్ రాశాను. ఫలానా వస్తువులో అనవసరమైనవి తొలగించడమైనది, తొలగించ వీలుకానిది దాచడమైనది. బామ్మర్ది సంతకం పెట్టాడు. ఎదురింటామె పెట్టి, "సబ్ ఠీక్ గదా అన్నా? పప్పు మాడితె నీ మీదనే నోట్ రాస్త" అని వెళ్ళిపోయింది. నా భార్య జబ్బుపడ్డప్పటినుంచి ఎడమచేతి వేలిముద్ర తీసుకుంటున్నాను. తీసుకున్నాను.

బామ్మర్దిని గేటు దాకా సాగనంపాను. సంచి భుజానికి వేసుకుని ఆగాడు. ఈసారి అతని గొంతులో పరాచికం లేదు.

"బావా, ఒకటడుగుత. సాయంత్రం కొలుస్తవ్ గదా. అప్పుడు అక్క మొకం ఎప్పుడన్న జూసినవా?"

"మొకం ఎందుకు?"

"నువ్వు స్కేలే జూస్తవ్" అని స్కూటర్ ఎక్కి వెళ్ళాడు.

లోపలికి వచ్చేసరికి, నా చెప్పులు ఇంకా గేటు దగ్గరే ఉన్నాయి. ఈసారి కావాలని విడిచింది కాదు, మాటల్లో మరిచిపోయాను. అందుకే నా అడుగుల చప్పుడు ఆమెకు వినపడలేదు.

ఆమె కిటికీ పక్కనే కూర్చుని ఉంది. డబ్బా ఒళ్ళో ఉంది. తెర వెలగడం లేదు. కుడిచేయి కొంగు బయట ఉంది. కుడి బొటనవేలు చక్రం మీద గుండ్రంగా తిరుగుతోంది. మెల్లగా, పై నుంచి కుడికి, కుడి నుంచి కిందికి, కింద కాస్త తడబడి, మళ్ళీ ఎడమకు, మళ్ళీ పైకి. ఆట లేదు, పాట లేదు, వేలు మాత్రం తిరుగుతోంది.

నేను గుమ్మం పట్టుకుని నిలబడ్డాను. ఆమె తలెత్తి చూసింది. వేలు ఆగింది. నా కళ్ళముందే వంగి అరచేతిలోకి పోయి పడుకుంది.

"కదిలింది" అన్నాను.

"ఇప్పుడు కదలది. జూడుండ్రి."

ఆమె నిజంగానే ప్రయత్నించింది. పళ్ళు బిగించింది. నుదుటి మీద చెమట పట్టింది. వేలు కదలలేదు. నేను ఆ రోజు మొదటిసారి స్కేలు లేకుండా ఆ కొలత చూశాను. ఆమె ముఖం ఎలా ఉందో రాయను.

"మీరు ఎదురుంగ కూసుంటె బిగుసుకపోతది" అంది. "నేను కావాలని చేస్త లేను. దానికే ఎరుకైతది మీరు జూస్తున్నరని. పొద్దుగూకితె స్కేలు వట్టుకొని వస్తుంటిరి. తక్కువైంది, తక్కువైంది అంటుంటిరి. దీంట్ల ఎవరు కొలుస్తరు? ఇటుక పడితె పడతది. పడకుంటె మళ్ల షురూ. అడిగెటోడు లేడు."

"నాకు చెప్తె అయిపోతుండె గదా."

"చెప్తె రాసుకుందురు."

అయినా నా బుద్ధి ఊరుకోలేదు. "మరి ఆ నూనె?"

ఆమె నవ్వింది. చాలా రోజుల తర్వాత. "కొబ్బరినూనెల కర్పూరం. ఎదురింటి మీ చెల్లె కాసింది. తిప్పీ తిప్పీ ఏలు పొక్కిందని. ఇంకేమనుకున్నరు, మందు వెట్టిందనుకున్నరా?"

దాదాపు అలాగే అనుకున్నానని చెప్పలేదు. బల్ల మీద నుంచి కళ్ళద్దాలు, దారి రాసుకున్న కాగితం తెచ్చుకున్నాను. రాసుకున్నది కింది నుంచి పైకి చదువుకుంటూ వెళ్ళాను. ఆటలు అన్న మాట ముందు పేజీలోకి తిరిగొచ్చింది. పత్తాలు, రంగు పూసలు ఎలాగూ లేవు. ఇటుకలున్నాయి. దాన్ని తెరిచి, డబ్బాను ఆమె కుడి అరచేతిలో పెట్టి, వేళ్ళను దాని చుట్టూ సర్ది, వసారాలోకి వెళ్ళి వీధివైపు ముఖం పెట్టుకుని కూర్చున్నాను.

చాలాసేపు ఏమీ వినపడలేదు. లోకల్ రైలు ఒకటి వెళ్ళింది. ఎదురింట్లోంచి మాడిన పప్పు వాసన వచ్చింది. తర్వాత వెనక నుంచి టిక్ అని ఒకటి. ఆగి, ఇంకొకటి. తర్వాత వరసగా.

వెనక్కి తిరగలేదు. కిటికీ తలుపు అద్దంలో ఏమైనా కనిపిస్తుందేమోనని ఒకసారి చూసిన మాట నిజం. ఎండ పడి ఏమీ కనపడలేదు.

మర్నాడు పొద్దున్నే ఆటోలో ఏ.ఎస్. రావు నగర్ వెళ్ళాం. ఎదురింటామె కూడా వచ్చింది. దారిలో వాళ్ళిద్దరూ బియ్యం ఎంతసేపు నాని ఉంటుందో, పిండి ఎవరు జల్లెడ పట్టి ఉంటారో మాట్లాడుకున్నారు. కుడిచేయి కొంగు కిందే ఉంది. నేను రోడ్డు చూశాను.

బామ్మర్ది ఇంటి హాల్లో తెల్లబట్టలు పరిచి ఉన్నాయి. ఆడవాళ్ళు అప్పటికే వచ్చి కూర్చున్నారు. పిండి బేసిన్ల మీద తడిబట్ట కప్పి ఉంది. పెళ్ళికూతురు వచ్చి మేనత్త చేయి పట్టుకుంది, ఏ చేయి అని చూసుకోకుండా కుడిచేయే పట్టుకుంది. నా భార్య గుమ్మం దాటి, వెనక్కి తిరిగి, "మీరు బయట్నే కూసోండ్రి" అంది.

బయట వసారాలో రెండు కుర్చీలు, ఒక స్టూలు. బామ్మర్ది స్టూలు మీద పత్తాల కట్ట పెట్టాడు.

"డబ్బల కెళ్లి తీసేసినవ్ గదా బావా. అసలు పత్తాలే తెచ్చిన. వీటికేం చేస్తవ్?"

పంచాడు. నేను చేతిలోకి తీసుకున్నాను. ఏ ముక్కలు వచ్చాయో నాకిప్పుడు గుర్తులేదు, అప్పుడూ చూడలేదు. లోపల గాజుల చప్పుడు, నవ్వులు, పిండిలో నీళ్ళు ఎక్కువయ్యాయని ఒకరు, కాలేదని ఒకరు. ముందు పిండితో గౌరమ్మను చేసి పెట్టమని ఎవరో అన్నారు. తర్వాత పీట జరిపిన చప్పుడు. తర్వాత మాటలు ఆగిపోయాయి.

మా ఇంట్లో నేను గేటు తీసినప్పుడు ఆగిపోయేవే, అలాగే. కానీ ఇప్పుడు గేటు తీసింది నేను కాదు.

"తెగింది" అని ఎవరిదో సన్నని గొంతు.

"ఏం గాదు వదినా. మళ్ల. ఇటుక పోతె పోనియ్యి." అది ఎదురింటామె.

నేను సగం లేచాను. బామ్మర్ది నా ముంజేయి పట్టుకుని కిందికి లాగాడు. "కూసో. ముక్క ఎయ్యి. నీ వంతు."

అంతసేపు పరాచికాలాడిన మనిషి, చేతిలో ముక్కలు తిరగేసి పట్టుకుని కూర్చున్నాడని అప్పుడు చూశాను.

లోపల మళ్ళీ ఎవరూ మాట్లాడలేదు. ఆ మౌనం ఎంత పొడుగు ఉందో నేను కొలవలేదు. చివరికి ఆడవాళ్ళందరూ ఒక్కసారి గొల్లుమన్నారు. అది సంతోషమో, అయ్యో అనో ఆ గోలలో నాకు తెలియలేదు. బామ్మర్దికి తెలిసినట్టుంది. ముక్కలు స్టూలు మీద పడేసి, తువ్వాలుతో ముఖం తుడుచుకున్నాడు.

నూనె కాగిన వాసన వచ్చాక ఎదురింటామె ఒక పళ్ళెం తెచ్చింది. అందులో వేయించిన సకినం ఒకటి, మూడు చోట్ల విరిగి ఉంది.

"మొదటిది మంచిగొచ్చింది అన్నా. సారెల పెట్టినం. ఇది రెండోది, తీస్తుంటె పల్గింది. అన్నకియ్యి అని వదిన పంపింది."

"ఇది ఆమె చుట్టిందేనా? లేకుంటె నువ్వు చుట్టినవా?"

"అల్లా! అన్నా, నీకు దండం" అని లోపలికి పోయింది.

నేను కళ్ళద్దాలు పెట్టుకుని ముక్కలను పళ్ళెంలో ఒకదానికొకటి చేర్చాను. చుట్లు సమంగా లేవు. ఒకచోట లావు, ఒకచోట సన్నం. మెలి మధ్యలో రెండుసార్లు తప్పింది. కానీ ముగింపు బయటికి వదిలేసి లేదు, లోపలి చుట్టు కిందికి నొక్కి ఉంది. మా ఇంట్లో ఇన్నేళ్ళుగా నొక్కినట్టే. నొక్కిన చోట లోతుగా బొటనవేలి గుంట ఉంది. బలం ఎంత వేయాలో ఇంకా తెలియని వేలు వేసిన గుంట.

"ఏం బావా, నోట్ రాస్తవా? సంతకాలు కావాల్నా?" అన్నాడు బామ్మర్ది.

పెన్ను చొక్కా జేబులోనే ఉంది. తీయలేదు. ఒక ముక్క అతనికిచ్చి, ఒకటి నోట్లో వేసుకున్నాను. ఉప్పు కాస్త తక్కువైనట్టు అనిపించింది. ఎవరికీ చెప్పలేదు.